మౌలాలి గుట్ట

గడచిన సెలవులలో నొకనాడు పండ్రెండుగురు విద్యార్థులము మా ఉపాధ్యాయులవారి వెంట తెల్లవారకమునుపే కంది గ్రామమునుండి బయలుదేరి, పటాన్‌చెరువు మీదుగా హైదరాబాదు చేరి, మౌలాలి గుట్ట నెక్కబోతిమి. మాలో నొకనికి చిన్ననాటినుండియు కాలు బలహీనము. వాని తల్లి వాకిట నిలిచి, "వీనిని విడిచిపోకుడు, బిడ్డలారా" యని మరిమరి చెప్పినది.

ఆ గుట్ట నిట్టనిలువైన బోడిబండ. పాదమున, ఉర్దూ కవయిత్రి మహ్‌లఖా బాయి (1768–1824) 1792లో తన తల్లికై కట్టించిన సమాధి కలదు. ఆమెయు నచ్చటనే విశ్రమించినది. శిఖరమున మౌలా అలీ దర్గా కలదు. ఇబ్రాహీం కుతుబ్‌షా కాలమున (1550–1580) యాకూత్ అను రాజసేవకునికి కలలో అలీ కనబడగా, మరునాడు ఆయన హస్తముద్ర గల శిల యిచ్చట దొరకెనని ఐతిహ్యము. ఏటేట రజబు నెల 17వ దినమున జనులు మతభేదము లేక ఉత్సవమునకు వచ్చుచుందురు.

400కు పైబడిన మెట్లు చూడగానే తల్లిమాట మరచి, ముందెవరు చేరుదురాయని పరుగిడితిమి. దారి చూపుచు ముందు నడచిన ఉపాధ్యాయులవారు పైన మమ్ము లెక్కించి, "పదునొకండ్రే యున్నారు" అని యూరకుండిరి. మేము సిగ్గుపడి దిగిపోతిమి. సగము దారిలో మా మిత్రుడు మెట్టుపై కూర్చుండగా, ఒక ముస్లిము ముదుసలి తన చెంబులోని నీరు వాని దోసిట పోయుచుండెను.

మరల వానితో ఇరువదేసి మెట్లకొకసారి కూర్చుండుచు ఎక్కితిమి. మొదటిసారి కానని బండల నడిమి చెట్లును, దిగువ నగరమును అప్పుడు గదా చూచితిమి!

రాత్రి ఊరు చేరగానే ఆ తల్లి, "విడువలేదు గదా?" యని యడిగినది. మాకంటె ముందు వాడే, "లేదమ్మా, అందరము కలిసియే యెక్కితిమి" అనెను. మేము తలలు వంచుకొంటిమి.