మేడగోడ మీది నిద్ర

నిద్రలో లేచి నడచువారిని గూర్చి లోకమున రెండు నమ్మకములు పాతుకొని యున్నవి: వారు కన్నులు మూసికొని చేతులు ముందుకు చాచి నడతురనునది యొకటి, ఎంతటి గండమునైనను తెలియకయే దాటిపోదురనునది రెండవది. నిజమునకు వారి కన్నులు సాధారణముగ తెరచియే యుండును. జారిపడి గాయపడుటయు కద్దు. ఐనను మూకీ హాస్యచిత్రముల వారికి వైద్యశాస్త్రముకంటె ఈ రెండవ నమ్మకమే యక్కరకు వచ్చినది. అందులకు నేను వారిని తప్పుపట్టజాలను.

1920లో హాల్ రోచ్ దర్శకత్వమున వెలువడిన ‘హై అండ్ డిజీ’ యను రెండు రీళ్ల చిత్రమును చూడుడు. రోగులు రాక దిక్కులు చూచుచున్న యువవైద్యుడు హెరాల్డ్ లాయిడ్. నిద్రలో నడచు జబ్బు గల కన్య మిల్డ్రెడ్ డేవిస్. ఆమెను చికిత్సకు వెంటబెట్టుకొని వచ్చిన తండ్రి. వైద్యునికి జబ్బుకంటె రోగియే నచ్చుటలో వింత యేమున్నది? పిదప అతడు, అమెరికాలో మద్యనిషేధము అమలులోనికి వచ్చిన యా యేటనే రహస్యముగ మద్యము పులియబెట్టుకొన్న తోటి వైద్యునితో కూడి త్రాగి, వీథుల వెంట తూలును. ఈ తూలుడు కొంత సాగతీతయే.

అసలు చిత్రము, ఆ కన్య నిద్రలో హోటలు కిటికీ దాటి, మేడగోడ వెంబడి నున్న ఇరుకు అంచుపై అడుగు తడబడక నడచునప్పుడు మొదలగును. ఆమె వెనుక అంచుపైకి వచ్చిన లాయిడ్ బయట చిక్కువడి, క్రింద వీథి ఎంత లోతున నున్నదో కనుగొన్న క్షణమున మత్తెల్ల దిగిపోయి గోడకు అతుక్కొనును. అంచు ఇద్దరికి నొక్కటే, పడిన పాటు నొక్కటే. భయము మాత్రము మేలుకొన్నవాని పాలబడినది.

ఆ ఎత్తు కెమెరా కల్పించినది. లాస్ ఏంజలిస్‌లో హిల్ స్ట్రీట్ సొరంగముపై మిట్టన కట్టిన సెట్టుమీద తీసిరి. కాని 1919 ఆగస్టులో ఫోటో తీయించుకొనుచుండగా చేతిలోని ఉత్తుత్తి బాంబు నిజముగనే ప్రేలి, లాయిడ్ కుడిచేతి బొటనవ్రేలును చూపుడువ్రేలును పోయిన మాట ఎరిగి చూచినచో, గోడను పట్టుకొన్న యా తొడుగుచేతిని చూచి నవ్వుట కొంత కష్టమే.

1923లో వచ్చిన ‘సేఫ్టీ లాస్ట్’లో గడియారపు ముల్లు పట్టుకొని వ్రేలాడు లాయిడ్‌ను లోకమెల్ల నెరుగును. అందును నాయిక మిల్డ్రెడే. ఆ యేటనే వారిరువురు వివాహమాడిరి. ఆ సాహసము గొప్పదే కాని, అది మెలకువతో గోడ నెక్కినవాని కథ. తెలియకయే అంచున నిలిచి, అక్కడ తెలివి తెచ్చుకొన్నవాని దురవస్థలోని నవ్వు నాకందు దొరకలేదు.