లోగో దగ్గర ఆగిన టీవీలు

2021 నవంబరు 19న కడప జిల్లాలో చెయ్యేరు మీద అన్నమయ్య ప్రాజెక్టు కట్ట తెగింది. ఆ నీళ్లు పెన్నలో కలిశాయి. పెన్న మీది సోమశిల జలాశయం నుంచి 5 లక్షల క్యూసెక్కులకు పైగా వదిలారు. మాది నెల్లూరు జిల్లా ఇందుకూరుపేట మండలం, పెన్న సముద్రంలో కలిసే వైపు. మర్నాటికి నా టీవీ రిపేరు షాపులో మోకాళ్ల పైకి నీళ్లొచ్చాయి. కింద వరసలోని టీవీలు మునిగాయి. అవన్నీ జనం నన్ను నమ్మి వదిలిపోయినవి.

మునిగిన వాటి గురించి చెప్పడానికి ఎక్కువ లేదు. తెరలోకి బురద పోయినవి పోయాయి. మిగతా వాటి బోర్డులు కడిగి ఎండబెట్టాను. అసలు కష్టం కరెంటు వచ్చాక మొదలైంది. కాసేపు ఎక్కువ, కాసేపు తక్కువ, మధ్యలో పోవడం, మళ్లీ రావడం. నీళ్లు తగలని టీవీలు కూడా షాపుకు రాసాగాయి. అన్నిటికీ ఒకటే జబ్బు. ఆన్ చేస్తే కంపెనీ లోగో వస్తుంది, అక్కడే ఆగుతుంది, ఆరిపోతుంది, మళ్లీ లోగో.

నేను డబ్బా టీవీల కాలంలో పని నేర్చుకున్నవాణ్ని. వాటిలో మెమరీ ఐసీ పోతే చెన్నై రిచీ స్ట్రీట్‌లో డేటా నింపిందే దొరికేది. తెచ్చి టంకం వేస్తే సరి. స్మార్ట్ కాని మామూలు ఎల్ఈడీ టీవీల్లో 25క్యూ64 లాంటి ఫ్లాష్ చిప్పు ఉంటుంది. టీవీని నడిపే సాఫ్ట్‌వేర్ మొత్తం ఆ ఎనిమిది కాళ్ల చిప్పులోనే. 64 మెగాబిట్లు, అంటే 8 మెగాబైట్లు. అది చెడితే బోర్డు నంబరుకూ తెరకూ సరిపోయే ఫైలు సంపాదించి, ప్రోగ్రామరు అనే పరికరంతో మళ్లీ రాయాలి. అన్నేళ్లూ అలాంటి బోర్డులను నెల్లూరులో తెలిసినవాళ్ల దగ్గరికి పంపేవాణ్ని. ఆ వారం వాళ్ల షాపులూ నిండిపోయాయి. పనికి ఆధారం ఇంకొకరి చేతిలో ఉందని అప్పుడు బాగా తెలిసొచ్చింది. రాత్రిళ్లు నిద్ర పట్టేది కాదు. పొద్దున షట్టర్ తీయాలంటే భయం. ఎవరో ఒకరు వచ్చి నిలబడి ఉంటారు.

నవంబరు చివర్లో ప్రోగ్రామరు కొనాలని నిర్ణయించుకున్నాను. పడుగుపాడు దగ్గర రైలు కట్ట కొట్టుకుపోయింది. రైళ్ల రాకపోకలు దెబ్బతిన్నాయి. చెన్నైకి చేపల లోడు తోలే డ్రైవరొకాయన రిచీ స్ట్రీట్‌కు వెళ్లి తెచ్చిపెట్టాడు. సీహెచ్341ఏ అనే నల్ల బోర్డు, దాంతోపాటు చిప్పును పట్టుకునే క్లిప్పు. కొన్ని వందల రూపాయల వస్తువు. పార్కింగ్ దొరకక లారీ దూరంగా పెట్టి నడిచి వెళ్లాడట. దారి ఖర్చు కూడా తీసుకోలేదు.

ఇంట్లో కంప్యూటర్ మా అమ్మాయిది. కరోనా అప్పుడు ఆన్‌లైన్ క్లాసుల కోసం కొన్న సెకండ్ హ్యాండ్ డెస్క్‌టాప్. ఆ పిల్ల పాఠాలన్నీ అందులోనే ఉన్నాయి. అది చెడిపోతే ఇంకోటి కొనే స్థితి లేదు. ప్రోగ్రామరు గుచ్చితే తెర మీద ఇంగ్లీషులో ఏదో వచ్చింది. నాకు అర్థం కాలేదు. యాభై దాటాక, ఎదురింట్లో ఇంజనీరింగ్ చదివే అబ్బోణ్ని పిలిచి చదివి చెప్పమనడానికి సిగ్గేసింది. రెండు రోజులు నాలో నేనే మథనపడి, ఆఖరికి పిలిచాను.

అబ్బోడు చూసి, కంప్యూటర్ దాన్ని కామ్ పోర్టు, అంటే సీరియల్ పోర్టు అనుకుంటోందన్నాడు. బోర్డు మీద జంపర్ ఉంటుంది. 1, 2 కాళ్లు కలిస్తేనే అది ప్రోగ్రామరుగా పనిచేస్తుంది. డ్రైవర్లూ రెండు రకాలు. సీరియల్‌కు ఒకటి, చిప్పులు రాయడానికి ఇంకొకటి. జంపర్ మార్చి, రెండో రకం వేశాక గుర్తుపట్టింది.

ఆ తర్వాత అతను చెప్పిన మాటకు నా చేతులు చల్లబడ్డాయి. ఈ నల్ల బోర్డు చిప్పుకు కరెంటు 3.3 వోల్టులే ఇస్తుంది గానీ, డేటా తీగల మీద 5 వోల్టులు వస్తాయి. మల్టీమీటరు పెడితే నిజమే. చాలా చిప్పులు తట్టుకుంటాయని అంటారు. చాలా అంటే అన్నీ కాదు గదా. బల్ల మీదున్న టీవీ ఒకామె చేపలమ్మిన డబ్బుతో వాయిదాల్లో కొన్నది. సీహెచ్341ఏ 28వ కాలు పైకి లేపి, సన్నతీగతో దాన్నీ 9వ కాలునూ 3.3 లైనుకు కలపాలి. టంకం పని నాకొచ్చు. ఆ ఒక్క సాయంత్రం నేను మళ్లీ మెకానిక్కుగా నిలబడ్డాను. కొలిస్తే అన్ని తీగల మీదా 3.3 వచ్చింది.

క్లిప్పు పెట్టే ముందు టీవీ ప్లగ్గు పీకాలి. ఎర్ర తీగ చిప్పు మీద చుక్క ఉన్న వైపు రావాలి. మొదట ఐడీ చదివిస్తే అన్నీ ఎఫ్ఎఫ్ వచ్చాయి. అంటే క్లిప్పు అందడం లేదు. కాళ్ల మీద బురద పొర ఉంది. బ్రష్షుతో తుడిచి పెడితే ఈఎఫ్ 40 17 వచ్చింది. విన్‌బాండ్ 25క్యూ64. నేను వెంటనే ఎరేజ్ నొక్కబోతే అబ్బోడు ఆపాడు.

“మామా, ముందే రాయబాక. ఉన్నదాన్ని చదివి దాచిపెట్టు. రెండుసార్లు చదివి, రెండూ ఒకటేనా చూడు.”

మీకు ఈ పని పడితే ఈ మాట వదలకండి. పాత ఫైలు చెడిపోయినా దాన్ని పారేయకూడదు. ఆ టీవీకే చెందిన కీలు, నంబర్లు అందులోనే ఉంటాయి. మా రెండు ఫైళ్లు మొదట కలవలేదు. బోర్డు మీదున్న పెద్ద ఐసీ కరెంటు లాగుతోంది. చిప్పును వేడిగాలితో ఊడదీసి చదివితే కలిశాయి.

ఇక కొత్త ఫైలు రాయాలి. రాసేటప్పుడు కరెంటు పోతే పని సగంలో ఆగుతుంది. మా ఊళ్లో కరెంటు మీద నమ్మకం లేదు. రొయ్యల గుంటలు చేసే పక్కింటాయన తన ఇన్వర్టర్ మోసుకొచ్చాడు. ఆయన గుంటలూ కొట్టుకుపోయాయి. అయినా తన ఇంట్లో చీకటి పెట్టుకుని మాకిచ్చాడు. రాయడం, సరిచూడడం కొన్ని నిమిషాల పనే. అంతసేపూ కుర్చీలో కూర్చోలేకపోయాను. చిప్పు తిరిగి అతికించి ఆన్ చేస్తే లోగో వచ్చింది, లోగో పోయి మెనూ వచ్చింది. బొమ్మ తలకిందులుగా ఉంది. ఫైలు వేరే తెరది. ఆ రాత్రి అలాగే వదిలేసి పడుకున్నాను. మర్నాడు సరైన ఫైలు అబ్బోడే వెతికాడు.

డిసెంబరంతా ఇదే పని. కొన్ని చిప్పులు 1.8 వోల్టులవి. వాటిని 3.3కు తగిలిస్తే కాలిపోవచ్చు. వాటికి వేరే అడాప్టర్ కావాలి. అది వచ్చేసరికి సంక్రాంతి అయింది. ఆ టీవీల వాళ్లు పండక్కి బొమ్మ లేకుండానే గడిపారు. అడిగినప్పుడల్లా ఉన్నమాటే చెప్పాను.

తెర పోయిన టీవీలకు బదులు నా దగ్గరున్న పాత సెట్లు బాగుచేసి ఇచ్చాను. ఎక్కువమంది సరేనన్నారు. ఒకాయన ఒప్పుకోలేదు, వాయిదాల్లో డబ్బు కట్టాను. బాకీ తీరింది. ఆయన మాత్రం ఇప్పటికీ నా షాపు దాటి నెల్లూరుకే పోతాడు.