మణికట్టు చూడు

ఏప్రిల్ 25

చెల్లెలి కొడుకు సెలవులకు వచ్చాడు. పదకొండేళ్లు. సంచి కింద పెట్టకముందే టెన్నిస్ బాల్ ఎక్కడుందని అడిగాడు. రాత్రి అన్నం తింటూ, చుట్టరికం ఆరా తీసినట్టు, "మామా, గూగ్లీకి గూగుల్ ఏమైతది?" అన్నాడు.

ఏమీ కాదని చెప్పేశాను. పడుకున్నాక ఆ జవాబు నాకే నచ్చలేదు. పిల్లవాడు మాటల బంధుత్వం అడిగినప్పుడు ఒక్క ముక్కలో తేల్చేయకూడదు.

ఏప్రిల్ 26

పొద్దున చెప్పాను. ఒకటి పక్కన వంద సున్నాలు పెడితే వచ్చే సంఖ్య పేరు గూగోల్. అమెరికాలో ఎడ్వర్డ్ కాస్నర్ అనే గణితజ్ఞుడు అంత పెద్ద సంఖ్యకు పేరు కావాలంటే, ఆ పేరు పెట్టింది తొమ్మిదేళ్ల మేనల్లుడు. ఆ మాటే కాస్త మారి 1998లో కంపెనీ పేరైంది. గూగ్లీ అనే క్రికెట్ మాట వయసులో చాలా పెద్దది, కంపెనీకి ముత్తాత వయసు.

వాడికి మిగతాదంతా పట్టలేదు. "మేనల్లుడు పెట్టిండా పేరు?" అని రెండుసార్లు అడిగాడు.

ఏప్రిల్ 28

బండల పాలిషింగ్ యార్డులో లెక్కలు రాస్తుంటే లారీ డ్రైవర్ వచ్చి కూలబడ్డాడు. "సేటు గూగ్లీ ఏసిండన్నా. కిరాయి ఒకటి మాట్లాడిండు, లోడ్ ఎత్తినంక ఇంకోటి అంటున్నడు."

ఈ ఊళ్లో ఈ మాట రోజుకొకసారైనా వింటాను. పరీక్షలో పాఠంలో లేని ప్రశ్న వస్తే గూగ్లీ. పెళ్లిచూపుల్లో అమ్మాయి ఎదురు ప్రశ్న వేస్తే గూగ్లీ. పేపర్లలో రాజకీయ నాయకులు ఒకరికొకరు వేసుకునేవి సరేసరి. 2023లో శరద్ పవార్ గూగ్లీ మాటెత్తి, మా మామగారు గూగ్లీలు వేసేవారని గుర్తుచేశారు. అది నిజం. ఆయన మామ సదూ షిండే 1946 నుంచి 1952 దాకా భారత్ తరఫున ఏడు టెస్టులాడిన లెగ్‌స్పిన్నర్. 1951లో ఢిల్లీలో ఇంగ్లాండ్ మీద ఒకే ఇన్నింగ్స్‌లో ఆరు వికెట్లు తీశాడు. పిల్లనిచ్చిన మామ విద్య అల్లుడి రాజకీయంలో సామెతైంది.

కర్ణాటక సరిహద్దు దాటి సేడం వైపు పోతే ఇదే మాట సినిమా పేరు. 2013లో యశ్ నటించిన కన్నడ చిత్రం 'గూగ్లీ'. తెలుగు, కన్నడ, ఉర్దూ ఒకే చాయ్ బండి దగ్గర కలిసే తాండూరులో ఈ మాటకు అనువాదం అక్కర్లేదు.

కానీ డ్రైవర్ అన్నదాంట్లో నాకొక అభ్యంతరం ఉంది. సేటు చేసింది మాట తప్పడం. గూగ్లీ మాట తప్పదు. లారీ వెళ్లిపోయాక కూడా ఇది మనసులో మెదులుతూనే ఉంది. నేను కుర్రతనంలో లెగ్‌స్పిన్ వేసేవాణ్ణి, అందుకేనేమో.

మే 1

మేడే. యార్డుకు సెలవు. పిల్లలు యార్డు వెనక ఖాళీ జాగాలో ఆడుతున్నారు. వికెట్లుగా మూడు పగిలిన బండ ముక్కలు నిలబెట్టారు. ఒక టప్పా పడి ఒంటి చేత్తో పట్టినా ఔటే. గోడ దాటితే ఔట్, బాల్ కూడా తనే తెచ్చుకోవాలి.

మా అల్లుడు లెగ్‌స్పిన్ వేస్తున్నాడు, కానీ గూగ్లీ మొదలుకాకముందే తెలిసిపోతోంది. దగ్గరికి పిలిచి చూపించాను. మామూలు లెగ్‌స్పిన్‌లో మణికట్టు పక్కకు తిరుగుతుంది, బాల్ కుడిచేతి బ్యాటర్ కాళ్ల వైపు పడి బయటికి పోతుంది. గూగ్లీకి అదే పరుగు, అదే చేయి, కానీ మణికట్టు ఇంకొంచెం తిరగాలి. బాల్ వదిలే క్షణంలో చేతి వెనక భాగం బ్యాటర్‌కు కనబడాలి. బాల్ చిటికెన వేలి వైపు నుంచి జారిపోతుంది. అప్పుడది బయటికి పోవాల్సింది లోపలికి వస్తుంది.

"అంటే కనిపిస్తది గద మామా! దాచుతలేం గద!"

దాచడం లేదు. నాలుగు రోజులుగా నేను వెతుకుతున్న మాట వాడి నోట వచ్చింది.

మే 2

గూగ్లీని కనిపెట్టిన బెర్నార్డ్ బోసాంకే కథ చెప్పాను. గూగ్లీ పుట్టింది మైదానంలో కాదు, బల్ల మీద. 1897 ప్రాంతంలో ఆక్స్‌ఫర్డ్‌లో చదివేటప్పుడు అతను 'ట్విస్టీ-ట్వోస్టీ' అనే ఆట ఆడేవాడు. బల్లకు ఆ చివర ఒకరు, ఈ చివర ఒకరు. టెన్నిస్ బాల్‌ను బల్ల మీద టప్పా కొట్టించి అవతలివాడికి అందకుండా తిప్పాలి. ఒకే రకంగా చేయి తిప్పుతూ రెండు వైపులకూ బాల్ పంపడం అక్కడ పట్టుబడింది. తర్వాత దాన్ని ఇరవై రెండు గజాలకు తీసుకెళ్లాడు. అందుకు ఏళ్లు పట్టాయి.

1900లో లార్డ్స్ మైదానంలో లీసెస్టర్‌షైర్ బ్యాటర్ శామ్యూల్ కో 98 పరుగుల మీదున్నాడు. బోసాంకే బాల్ నాలుగు టప్పాలు పడి చేరింది. కో ముందుకు వచ్చి తప్పాడు, స్టంపౌట్. సెంచరీకి రెండు పరుగులు. చరిత్రలో నిలిచిపోయిన మొదటి గూగ్లీ వికెట్ ఇలా నాలుగు టప్పాలతో మొదలైంది. ఇది విన్నాక మా అల్లుడి ముఖం వెలిగింది. నిన్న వాడివి మూడే పడ్డాయి.

ఆస్ట్రేలియావాళ్లు దీన్ని బోసీ అని కూడా అంటారు, అతని పేరు మీదే.  రెగీ ష్వార్జ్ అతని దగ్గర నేర్చుకుని దక్షిణాఫ్రికా తీసుకెళ్లి ఇంకో ముగ్గురికి చెప్పాడు. 1905-06లో ఆ నలుగురు గూగ్లీ బౌలర్లతో దక్షిణాఫ్రికా ఇంగ్లాండ్‌ను 4-1తో ఓడించింది. పుట్టింటివాళ్లనే దెబ్బకొట్టిన విద్య. మోసమే అయితే ఇలా పిలిచి ఒకరికొకరు నేర్పుకుంటారా?

మే 4

1948 ఆగస్టు 14, ఓవల్ మైదానం. డాన్ బ్రాడ్‌మన్ చివరి టెస్టు. నాలుగు పరుగులు చేస్తే సగటు వంద. ఎరిక్ హోలీస్ రెండో బాల్ గూగ్లీ, బౌల్డ్. సగటు 99.94 దగ్గర ఆగిపోయింది. ఆ నాలుగు పరుగులు అతను చేసేసి ఉంటే వంద అని చెప్పుకుని మరచిపోయేవాళ్లం. ఒక్క గూగ్లీ వల్ల ఆ దశాంశాలు ప్రపంచానికంతా నోటికొచ్చాయి.

మనవాళ్లలో సుభాష్ గుప్తే గురించి ఎంత చెప్పినా తక్కువే. 1958లో కాన్పూర్‌లో వెస్టిండీస్ మీద 102 పరుగులిచ్చి తొమ్మిది వికెట్లు. మన రైలు లైను చివరన ఉన్న సికింద్రాబాద్‌లో పుట్టిన లెగ్‌స్పిన్నర్ ఎం.వి. నరసింహారావు నాలుగు టెస్టులాడి, ఐర్లాండ్ దీవికి వెళ్లి అక్కడి పిల్లలకు ఆట నేర్పాడు. వీళ్లిద్దరి పేర్లూ మా అల్లుడికి తెలియవు. వాడికి తెలిసింది రషీద్ ఖాన్. 2017 నుంచి 2021 దాకా హైదరాబాద్ నారింజ చొక్కాలో ఆడిన అఫ్ఘాన్ కుర్రవాడు. ఈ గల్లీలో లెగ్‌స్పిన్ వేసే ప్రతి పిల్లవాడి పరుగూ అతనిదే. గుప్తే పేరు నేను చెప్తాను. అది నా వంతు.

మే 7

కూడలిలో అరటిపళ్లు కొంటుంటే అమ్మేవాడు "దూస్రా దేఖో సాబ్" అంటూ ఇంకో గెల చూపించాడు. అల్లుడు పకపకా నవ్వాడు. క్రికెట్‌లో దూస్రా కూడా ఒక బాల్. సక్లయిన్ ముస్తాక్ వేసిన ఆ బాల్‌కు ఆ పేరు రావడానికి వికెట్ల వెనక నుంచి మొయిన్ ఖాన్ అరుపులే కారణమని చెబుతారు. ఇంగ్లీషు నిఘంటువుల్లోకి ఎక్కిన ఆ మాట మా పళ్ల బండి మీద రోజూ అమ్ముడుపోతోంది.

మే 9

అమ్మ రాత్రి శాత్రాలు చెప్పింది. ఆమె చెప్పే పద్ధతి తెలిసిందే. కథ ఒక దారిన నడుస్తుంటుంది, చివర్లో ఇంకో దారి పడుతుంది. వెనక్కి వెళ్లి చూస్తే ఆ మలుపు మొదటి నుంచీ అక్కడే ఉంటుంది.

నా చిన్నప్పుడు చందమామలో బేతాళ కథలు చదివేవాణ్ణి. 1947 జూలైలో మొదలైన పత్రిక, నా చేతికి వచ్చేసరికి అట్టలు చిరిగినవి. విక్రమార్కుడికి బేతాళుడు వేసే ప్రశ్న ఎంత గొప్ప గూగ్లీ! తెలిసి చెప్పకపోతే తల పగులుతుంది. చెప్తే మౌనం చెడి శవం చెట్టెక్కుతుంది. సరైన జవాబే ఔట్. రాజు మాత్రం ప్రతిసారీ నిజమే చెప్తాడు, ప్రతిసారీ చెట్టు దగ్గరికి నడుస్తాడు. ఆ రాజును నేను ఇప్పుడు బ్యాటర్‌గానే చూస్తున్నాను.

అల్లుడు అడిగిన గూగుల్ మాట కూడా కంపెనీకి ముందే ఒక పిల్లల పుస్తకంలో ఉంది. 1913లో లండన్‌లో విన్సెంట్ వికర్స్ అనే ఆయన పిల్లల కోసం 'ది గూగుల్ బుక్' అని బొమ్మల పుస్తకం వేశాడు. గూగుల్ అనే ఒక వింత జీవి, చుట్టూ ఎక్కడా లేని పిట్టలు. రాసినాయన బ్యాంక్ ఆఫ్ ఇంగ్లాండ్ డైరెక్టర్. లెక్కలు రాసేవాడు పిట్టల్ని కల్పించడం నాకు ఎంతో నచ్చింది. గూ, గూ అనే ఆ శబ్దమే పిల్లలది. ఊయలలో మొదట వచ్చేది అదే.

అల్లుడు కూడా పొడుపు కథ కట్టాడు: "చేన్ల మొలవది, భూమిల దొరుకుతది. నీళ్లు పోస్తే మెరుస్తది, ఊరంత దాన్ని తొక్కుతది." అమ్మ కాసేపు చేను గురించే ఆలోచించింది. అదీ వాడు కోరుకున్నది. నేను పాదాల కింద చల్లగా తగులుతున్న గచ్చు వైపు చూశాను. మా ఊరి నాపబండ.

మే 12

వాణ్ణి యార్డుకు తీసుకెళ్లి, పాలిష్ అయిన పొడుగు బండ ఒకటి రెండు దిమ్మెల మీద పెట్టించాను. ట్విస్టీ-ట్వోస్టీ బల్ల. నున్నటి రాయి మీద బాల్ తిరగలేదు, జారిపోయింది. బండను తిరగేయించాం. గరుకు వైపు బాల్ పట్టుకుంది. మధ్యాహ్నం దాకా ఆడాం. పాలిష్ కుర్రాళ్లు కూడా వచ్చి చేరారు. ఎవరికీ వాడి బాల్ అందలేదు, నాకూ అందలేదు.

అమ్మ టిఫిన్ డబ్బా తెచ్చింది. "నువ్వూ రా అమ్మమ్మా" అన్నాడు వాడు. ఆమె క్రికెట్ ఒక్కరోజు కూడా చూసి ఎరగదు. నవ్వుతూ బండకు ఆ చివర కూర్చుంది.

మొదటి బాల్ పట్టింది. రెండోది, లెగ్‌స్పిన్, కుడివైపు వంగి పట్టింది. మూడోది గూగ్లీ, నేను మూడుసార్లు తప్పినది. ఎడమవైపు చేయి పెట్టి ఉంచింది. బాల్ వచ్చి అందులో పడింది.

"ఎట్ల దెల్సింది అమ్మమ్మా?"

"నువ్వు బాల్ సూడమంటవ్. నేను నీ చెయ్యి సూసిన. కందులు చెరగంగ చాట దిక్కు సూస్తరారా? మణికట్టు ఎటు తిరిగితే పొట్టు అటు పోతది."

మా తాండూరు కందికి 2022లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. ఆమె అరవై ఏళ్లుగా ఆ కందులే చెరుగుతోంది.

మే 13

పొద్దున లేచేసరికి వాడు వాకిట్లో అమ్మ పక్కన కూర్చుని చాట పట్టుకుని ఉన్నాడు. సగం కందులు నేల మీద ఉన్నాయి. "ఇంకొంచెం తిప్పు" అంటోంది అమ్మ.