మే నెల కబుర్లు: బఠాణీలు, గంజి, ఒక గిన్నెడు పాస్తా

న్యూజెర్సీలోని మా ఎడిసన్‌లో ఈసారి చలి ఒక పట్టాన వదల్లేదు. ఏప్రిల్ సగం గడిచేదాకా పొద్దున్నే కారు అద్దం మీద మంచు గీకుతూనే ఉన్నాం. ఆ తర్వాత పది రోజుల్లో చెట్లన్నీ ఆకు తొడిగేశాయి. నెవార్క్‌లో బ్రాంచ్ బ్రూక్ పార్కు చెర్రీలు పూశాయని తెలిసి పిల్లల్ని తీసుకుని వెళ్ళాం. అక్కడ ఐదు వేల పైచిలుకు చెట్లున్నాయి, వాషింగ్టన్‌లో కన్నా ఎక్కువ. ఇంత దగ్గర ఉండి కూడా చూడనివాళ్ళు మనవాళ్ళలో చాలామందే ఉన్నారు. వచ్చే ఏప్రిల్‌కైనా వెళ్ళి రండి.

ఇప్పుడు మే ఆఖరి వారం. ఇక్కడి తెలుగిళ్ళలో ఈ నెలంతా రెండే హడావుళ్ళు. ఊరి నుంచి అమ్మానాన్నలు దిగడం ఒకటి, కిటికీ పక్కన పెరుగు డబ్బాల్లో పెంచిన నారు పెరట్లోకి మారడం రెండోది. రాత్రిపూట మంచు పడే భయం మే మధ్య దాటితేగానీ పోదు. అందుకని గోంగూర, బీర, ఆనప మొలకలన్నీ మదర్స్ డే దాకా ఇంట్లోనే ఉంటాయి. దొండ తీగని చలికాలమంతా కుండీలో బతికించుకున్న ఇంటికి ఈ నెల్లో చుట్టాలు ఎక్కువ, తలా ఒక ముక్క పట్టుకుపోతారు. మా వీధి చివరింటి పిన్నిగారు నాకు రెండు ముక్కలిచ్చారు. రెండూ చిగురించాయి.

మా అమ్మ తణుకు నుంచి వచ్చి మూడు వారాలైంది. పగలూ రాత్రీ తారుమారైన నిద్ర ఇప్పుడే సర్దుకుంది. మొన్న శనివారం రైతుల సంతకి తీసుకెళ్ళాను. ఊళ్ళో రైతుబజారు అలవాటున్న మనిషి, చేత్తో పట్టి చూడందే ఏదీ కొనదు. భాష రాకపోయినా ప్రతి బల్ల దగ్గరా ఆగి, కాయ ఎత్తి వాసన చూసి, అమ్మేవాళ్ళకేసి తలూపి, ఒక ఆకుపచ్చ కట్ట దగ్గర నిలబడిపోయింది.

"ఇవేంటే, వెదురు మొలకల్లా ఉన్నాయి?"

"ఆస్పరాగస్ అమ్మా. మన శతావరి జాతే."

"పిల్లిపీచరా! మా నాయనమ్మ బాలింతలకి పాలల్లో వేసి ఇచ్చేది కదే ఆ గడ్డలు!"

మనం గడ్డ వాడుకుంటాం, ఇక్కడివాళ్ళు చిగురు తింటారు. ఈ మొక్క నాటాక మొదటి రెండేళ్ళూ కోయకుండా ఓపిక పట్టాలి. ఆ తర్వాత పదిహేనేళ్ళ పైన ఏటా చిగుళ్ళు ఇస్తూనే ఉంటుంది. మా పక్కనే ఉన్న రట్గర్స్ విశ్వవిద్యాలయం వాళ్ళు జెర్సీ నైట్, జెర్సీ జెయింట్ అని మంచి రకాలు తీశారు. అవన్నీ మగ మొక్కలే. గింజ కట్టడానికి బలం పోదు కాబట్టి చిగుళ్ళు ఎక్కువ వేస్తాయి. ఎంత వేసినా ఆ సంబరం ఏప్రిల్ చివర మొదలై జూన్ మధ్యకల్లా అయిపోతుంది.

పచ్చి బఠాణీలు ఈ ఏడు మా సంతలోకి రావడం ఆ శనివారమే మొదలు. కాయ తెంపినప్పటి నుంచే బఠాణీలో తీపి పిండిగా మారిపోతూ ఉంటుంది, కాబట్టి కొన్న రోజే ఒలుచుకుని వండుకోవాలి. అమ్మా పిల్లలూ గుమ్మం మెట్ల మీద కూర్చుని రెండు పౌన్ల కాయలు ఒలిచారు. గింజలు రెండు కప్పులు రావాలి. చిన్నవాడి నోట్లోకి పోగా కప్పున్నర మిగిలాయి. ఆ గిన్నె చూశాక ఇవాళ ప్రిమవేరా చేసి తీరాలనిపించింది.

ప్రిమవేరా అంటే ఇటాలియన్‌లో వసంతం. పేరు ఇటలీదే అయినా ఈ పాస్తా పేరు మోగింది మాత్రం మా ఇంటి నుంచి రైల్లో గంట దూరం లేని మన్‌హట్టన్‌లో. టస్కనీ నుంచి వచ్చిన సిరియో మాచ్చియోని 1974లో అక్కడ లె సర్క్ అనే రెస్టారెంటు తెరిచాడు. ఒకసారి కెనడా తూర్పు తీరంలో విడిదికి వెళ్ళినప్పుడు తన భార్య ఎజిదియానా ఇంట్లో ఉన్న కూరలతో ఇది చేసిందని ఆయన చెప్పేవాడు. న్యూయార్క్‌కి తిరిగొచ్చాక అడిగిన అతిథులకి వండి పెట్టాలనుకుంటే, ఫ్రెంచి వంటశాలలో పాస్తా ఏమిటని అక్కడి ప్రధాన వంటవాడు ఒప్పుకోలేదట. అందుకని బయట నడవాలో నీళ్ళు కాచి వండేవారు. 1977లో క్రెయిగ్ క్లేబోర్న్, పియరె ఫ్రేనీ ఆ వంటని న్యూయార్క్ టైమ్స్‌లో అచ్చువేశాక అమెరికా అంతా పాకింది. చిత్రకారుడు, వంట పుస్తకాలు రాసిన ఎడ్ జోబీ అది తాను నేర్పిందేనన్నాడు. ఆ తగువు మనకెందుకుగానీ, ఆ అచ్చయిన పద్ధతిలో మనకి పనికొచ్చే సంగతులు రెండున్నాయి. ఒకటి, కూరలన్నీ విడివిడిగా ఉడికించమన్నారు. రెండోది, అందులో పచ్చిమిరప తరుగు ఉంది. ఈ రెండూ ఇప్పటి రెస్టారెంట్లు చాలావరకు మర్చిపోయాయి. గడ్డకట్టిన కూరముక్కల సంచి చింపి, క్రీములో ముంచి, వసంతం అని పేరు పెడుతున్నారు. అది చూస్తే నాకు నిజంగా బాధ. ఈ వంటకి ప్రాణం కూరలు. క్రీము వాటిని పట్టి ఉంచడానికే.

నేను చేసే తీరు చెబుతాను. పెద్ద గిన్నెలో మూడు లీటర్ల నీళ్ళు మరగనిచ్చి, టేబుల్ స్పూనున్నర ఉప్పు వేయాలి. పక్కన ఇంకో గిన్నెలో ఐసు నీళ్ళు. పల్చగా చక్రాల్లా తరిగిన క్యారెట్ ముందు మూడు నిమిషాలు. చిల్లుల గరిటెతో తీసి ఐసు నీళ్ళలో వేసి, అదే మరుగుతున్న నీళ్ళలో బ్రోకలీ రెండు నిమిషాలు. ఆస్పరాగస్ కాడని రెండు చేతులతో వంచితే ముదురు ఎక్కడుందో అక్కడే విరుగుతుంది. ఆ కింది ముక్క వదిలేసి పైది అంగుళం ముక్కలు చేసుకోవాలి, దానికీ రెండు నిమిషాలే. బఠాణీలకి ఒక్క నిమిషం చాలు. ఐసు నీళ్ళలో పడగానే ఉడకడం ఆగిపోతుంది, రంగు నిలుస్తుంది. మనం కూరలన్నీ ఒకేసారి వేసి, పోపు పెట్టి, మూత పెట్టి మగ్గించేవాళ్ళం. ఇలా విడివిడిగా ఉడికించడం మొదట్లో చాదస్తంలా కనిపిస్తుంది. ఒక్కసారి తిన్నాక మళ్ళీ కలిపి ఉడికించబుద్ధి కాదు.

నీళ్ళు మార్చకుండా అందులోనే పాస్తా. పౌను డబ్బాలో సగం, అంటే సుమారు 225 గ్రాములు, ఇన్ని కూరలుంటే నలుగురికి సరిపోతుంది. పాత పద్ధతిలో స్పగెటీ వాడారు, నేను పిల్లల కోసం పెన్నె వేస్తాను. పాస్తా డ్యూరమ్ గోధుమ రవ్వతో చేస్తారు. మనం ఉప్మా చేసుకునే బన్సీ రవ్వ ఆ జాతిదే. గట్టి గింజ, అందుకే ఉడికినా ముద్దవదు. డబ్బా మీద పదకొండు నిమిషాలని ఉంటే తొమ్మిదో నిమిషంలో చూడాలి. ఇటాలియన్లు పంటికి తగిలేటట్టు ఉండాలంటారు. ఆ మాట అమ్మకి ఎలా చెప్పాలా అని నేను వెతుక్కుంటుంటే, తను ఒక గొట్టం తీసి, మెతుకు పట్టి చూసినట్టు వేళ్ళ మధ్య నొక్కింది.

"పలుకు మీద ఉందే. దించెయ్."

అంతే. మనకి మాట ఎప్పట్నుంచో ఉంది. ఇంకోటీ ఉంది. నేను గిన్నె ఎత్తి సింకులో వంచబోతుంటే అమ్మ చెయ్యి పట్టుకుంది. "గంజి పారబోస్తావేంటే!" పాస్తా చేసేవాళ్ళకి ఇంతకు మించిన సలహా ఎవరూ ఇవ్వలేరు. ఆ చిక్కటి నీళ్ళలో దిగిన పిండే వెన్ననీ క్రీమునీ నీటితో కలిపి, పాస్తాకి అంటుకునేలా చేస్తుంది. పాత పద్ధతిలో రెండు చెంచాల కోడి రసం పోయమన్నారు. మా ఇంట్లో అమ్మ శాకాహారి, ఆ చోట నేను గంజే పోస్తాను. రుచికి ఏ లోటూ రాదు. వార్చే ముందు ఒక గ్లాసు తీసి పక్కన పెట్టుకోండి.

మూకుడులో ఒక చెంచా వెన్న, ఒక చెంచా ఆలివ్ నూనె. పుట్టగొడుగుల ముక్కలు పెద్ద మంట మీద నీరు ఇంకేదాకా వేయించి, రెండు వెల్లుల్లి రెబ్బలు, ఒక పచ్చిమిరపకాయ సన్నగా తరిగి వేయాలి. ఒక నిమిషం తర్వాత అరకప్పు క్రీము, పావుకప్పు గంజి. నాలుగు ఉడుకులు రాగానే పాస్తా, కూరలు వేసి కుదపాలి. స్టవ్ కట్టేశాకే తురిమిన చీజ్ అరకప్పు, నిమ్మ తొక్క కోరు, మిరియాల పొడి, తులసి జాతికే చెందిన బేసిల్ నాలుగాకులు. సెగ మీద చీజ్ వేస్తే ఉండలు కడుతుంది. గట్టిపడినట్టుంటే ఇంకాస్త గంజి. గంజిలో ఉప్పుంది కాబట్టి చివర్లో రుచి చూడకుండా ఉప్పు వేయకండి. టమాటా నేను వేయను. జెర్సీ టమాటా జూలైలోగానీ పండదు, మేలో దొరికే దాంట్లో రుచి లేదు.

క్రీము సంగతి కాస్త వివరంగా చెప్పాలి. మన ఇళ్ళలో కాఫీకీ పాయసానికీ హాఫ్ అండ్ హాఫ్ ఎప్పుడూ ఉంటుంది, చాలామంది అదే పోసేస్తారు. అందులో కొవ్వు పద్దెనిమిది శాతానికి మించదు. మరిగించి పులుపు తగిలిస్తే పాలు విరిగినట్టు విరుగుతుంది. హెవీ క్రీములో కొవ్వు 36 శాతమో అంతకన్నా ఎక్కువో ఉంటుంది, అది సెగకీ నిమ్మకీ తట్టుకుంటుంది. హైదరాబాదు నుంచి మా చెల్లెలు ఫోన్లో, "అక్కా, ఇక్కడ దొరికే డబ్బా క్రీముతో చేస్తే విరిగిపోయింది" అంది. అమూల్ ఫ్రెష్ క్రీములో కొవ్వు 25 శాతం. దాంతో చేసేటప్పుడు మరగనివ్వకూడదు, మంట తగ్గించి ఆఖర్న కలపాలి, నిమ్మ రసం జోలికి వెళ్ళకుండా తొక్క కోరుతో సరిపెట్టుకోవాలి. అక్కడ పెళ్ళిళ్ళ లైవ్ కౌంటర్లలో మైదా, పాలు, వెన్నతో చేసే వైట్ సాస్ పాస్తా వేరే వంట. అదీ బాగుంటుంది, కానీ లేత కూరల రుచి ఆ మైదా కింద పడిపోతుంది. మా చెల్లెలికి ఇంకో మాట కూడా చెప్పాను. హైదరాబాదులో దీనికి కాలం మే కాదు, సంక్రాంతి. లేత బఠాణీ, క్యారెట్ అప్పుడే వస్తాయి, ఆస్పరాగస్ చోట లేత బీన్స్ వేసుకోవచ్చు.

శాకాహారులకి చీజ్ విషయంలో జాగ్రత్త. ఈ వంటలో వేసే అసలైన పార్మిజానో రెజ్జానో చీజ్‌ని దూడ కడుపు నుంచి తీసిన పదార్థంతో పాలు విరిచి చేస్తారు. అమెరికాలో డబ్బా మీద ఉత్తి ఎంజైములు అని రాసి ఉంటే అవి ఎక్కడివో తెలియదు. వెజిటేరియన్ రెనెట్ అనో మైక్రోబియల్ అనో ఉన్నది చూసి కొనండి. ఇండియాలోనైతే ఆకుపచ్చ చుక్క చూసుకుంటే చాలు. అమ్మకి ఇది ముందే చెప్పి, డబ్బా చూపించి, తను సరేనన్నాకే తురిమాను.

ఆ సాయంత్రం ఎనిమిదైనా వెలుతురు పోలేదు. పెరట్లో బల్ల వేసుకుని తిన్నాం. మా పెద్దమ్మాయి ఎప్పుడూ ఆస్పరాగస్ ఏరి పక్కన పెట్టేది, ఈసారి పెట్టలేదు. అమ్మ మొదటి ముద్ద నమిలి కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "బఠాణీ బఠాణీలా ఉంది, క్యారెట్ క్యారెట్‌లా ఉంది" అంది. రెండోసారి తనే వడ్డించుకుంది. మర్నాటికి ఏమీ మిగల్లేదు. మిగిలినా దాచకండి, క్రీము పాస్తా వేడి చేస్తే నెయ్యి తేలి జిడ్డుగా అవుతుంది, ఎంత తింటారో అంతే చేసుకోండి.

సంతలో ఆస్పరాగస్ ఇంకో రెండు మూడు శనివారాలే. బఠాణీలు దాని తర్వాత కొద్ది రోజులుంటాయి. ఈ వారం వీలు చూసుకుని వెళ్ళండి, పిల్లల్ని ఒలవడానికి కూర్చోబెట్టండి.