కరెక్షన్ స్లిప్ అతికించారా అబ్బాయిలూ?



మన అరక్కోణంలో ఒకప్పుడు ఏ ఇంట్లో చూసినా రైల్వే ఉద్యోగే. ఇప్పుడు పిల్లలు పొద్దున్నే బండెక్కి చెన్నైలో కంప్యూటర్ ఉద్యోగాలకు పోతున్నారు. వాళ్ళలో సర్వర్లు చూసుకునేవాళ్ళకు మేము ఒక మాట చెప్పాలి.

సర్వర్ బోర్డు మీద బీఎంసీ అని ఒక చిన్న చిప్ ఉంటుంది. సర్వర్ ఆగిపోయినా, ప్లగ్గులో కరెంటు ఉన్నంతవరకు ఇది మేలుకొనే ఉంటుంది. ఎక్కడో కూర్చుని సర్వర్‌ని ఆన్ చేయాలన్నా, ఆపాలన్నా, లోపల వేడి ఎంతుందో చూడాలన్నా దీని ద్వారానే. మా భాషలో చెప్పాలంటే కేబిన్. లీవర్లన్నీ అక్కడే.

2019 జనవరిలో ఈ కేబిన్ గురించి ఒక సంగతి బయటపడింది. దాని నంబరు సీవీఈ-2019-6260. తైవాన్ కంపెనీ ఆస్పీడ్ చేసిన ఏఎస్‌టీ2400, ఏఎస్‌టీ2500 చిప్పుల్లో, సర్వర్ వైపు నుంచి బీఎంసీ మెమొరీని చదవడానికి, అందులో రాయడానికి దారులున్నాయి. అవి కావాలని పెట్టిన దారులే. కానీ మొదటినుంచీ తెరిచే ఉంటాయి, ఫర్మ్‌వేర్ రాసేవాళ్ళు గుర్తుపెట్టుకుని మూయాలి. మూయని చోట సర్వర్‌లో దూరినవాడు కేబిన్‌లోకీ దూరగలడు. తర్వాత మీరు డిస్కు మొత్తం తుడిచినా వాడు పోడు, బీఎంసీ సాఫ్ట్‌వేర్ వేరే చిప్పులో ఉంటుంది కాబట్టి.

రైల్వేలో ఇది తలకిందులు. పాత సిగ్నల్ తీగ తెగిందంటే రెక్క తనంతట తానే బండిని ఆపమంటుంది. ఎవరూ గుర్తుపెట్టుకోనక్కరలేదు.

మరి తెరిచి ఉన్న తలుపు సంగతి పనిచేసేవాడికి ఎలా తెలియాలి? కాగితం వల్లే. మాకు రూల్ బుక్కుకు కరెక్షన్ స్లిప్పులు వచ్చేవి. కత్తిరించి, గమ్ముతో ఆ పేరా మీదే అతికించి, నంబరు, తేదీ రాసుకోవాలి. చదివామని సంతకం పెట్టాలి. కొందరు విసుక్కునేవారు గానీ, ఏ మాట పోయి ఏ మాట వచ్చిందో కంటికి కనిపించేది. ఇప్పుడు కొత్త మాన్యువల్ పీడీఎఫ్‌గా వస్తుంది. మార్పుల పట్టీ ఉన్నా దాన్ని దాటేసి పోతారు. పాత ఫైలు ఎవరి ల్యాప్‌టాప్‌లోనో అలాగే పడి ఉంటుంది.

ఇది పాత కథ అనుకోకండి. 2025 మార్చిలో ఏఎంఐ వాళ్ళ మెగార్యాక్ అనే బీఎంసీ సాఫ్ట్‌వేర్‌లో పాస్‌వర్డ్ లేకుండానే లోపలికి పోయే లోపం బయటకు చెప్పారు. దిద్దుబాటు వచ్చింది. కానీ దాన్ని ఒక్కో సర్వర్ కంపెనీ తన ఫర్మ్‌వేర్‌లో కలపాలి, ఆ తర్వాత మన పిల్లలు ఒక్కో మిషనులో ఎక్కించాలి. జూన్‌లో అమెరికా సైబర్ సంస్థ సీఐఎస్ఏ, ఈ లోపాన్ని దొంగలు వాడుతున్నారని తన జాబితాలో చేర్చింది.

కాబట్టి అబ్బాయిలూ, ఈ రాత్రి షిఫ్టులో ఒక నోటుబుక్కు తీయండి. మిషను పేరు, బీఎంసీ ఫర్మ్‌వేర్ నంబరు, మాన్యువల్ తేదీ, చూసినవాడి సంతకం. నాలుగు గళ్ళు చాలు. గీత ఎలా గీయాలో తెలియకపోతే మా ఇంటికి రండి, స్కేలు ఇంకా ఉంది.