ఖరగ్‌పూర్ ఫుటేజీ

పశ్చిమ బెంగాల్‌లోని ఖరగ్‌పూర్ స్టేషన్‌లో కెమెరా ఎక్కడ పెట్టినా ముందు పడేది ప్లాట్‌ఫారమే. 1,072 మీటర్లు. ఒకప్పుడు ప్రపంచంలోకెల్లా పొడవైనది. 2013లో గోరఖ్‌పూర్, ఆ తర్వాత హుబ్బళ్లి దాన్ని దాటేశాయి. ఏ దర్శకుడైనా ఆ షాట్ మీద మనసు పారేసుకుంటాడు. ఎడిటర్‌గా నేనైతే నాలుగు సెకన్లు ఉంచి తీసేస్తాను.

నాకు కావలసింది ఆ ఊళ్లోని మథురాకాటీ, నింపురా పేటల వైపు వినిపించే మాటలు. బెంగాల్ నాగపూర్ రైల్వే రోజుల్లో పని వెతుక్కుంటూ ఉత్తరాంధ్ర నుంచి వచ్చినవాళ్ల మనవలు తెలుగులో మొదలెట్టి, బెంగాలీలోకి జారి, హిందీలో ముగిస్తారు. ఎక్కడ కోయాలి? కథాచిత్రానికి స్క్రిప్టు ముందే ఉంటుంది. డాక్యుమెంటరీకి చాలాసార్లు అది ఎడిటింగ్ గదిలోనే పుడుతుంది. గంటలకొద్దీ ఫుటేజీ చూడటం, ప్రతి మాటా కాగితం మీద పెట్టుకోవడం, ఏది వదిలేయాలో తేల్చుకోవడం, ఇదే ఈ ఉద్యోగంలో సగం. డబ్బు తక్కువ, పేరు ఇంకా తక్కువ. కథాచిత్రాల ఎడిటర్ శ్రీకర్ ప్రసాద్ ఎవరో చటుక్కున చెప్పేవాళ్లు కూడా ఒక్క డాక్యుమెంటరీ ఎడిటర్ పేరు అడిగితే తడుముకుంటారు. (జాతీయ అవార్డుల్లో వాళ్లకూ ఓ బహుమతి ఉంది మరి!)

మాటలతో పాటు నాకు పాత ఫొటోలూ కావాలి. బెంగాల్ నాగపూర్ రైల్వే కార్మికులను కూడగట్టిన వి.వి.గిరి 1969లో రాష్ట్రపతి అయ్యారు. ఆయన ఫొటోలు ఎన్నైనా దొరుకుతాయి. ఆయన వెంట నడిచిన ఫిట్టర్లవి దొరకడం కష్టం. ఉంటే గింటే ఇళ్లలోని పెట్టెల్లోనే ఉండాలి. ఖరగ్‌పూర్ తెలుగువాళ్లకు ఒక మాట: పాత ఫొటోలు, వీడియో క్యాసెట్లు పారేయకండి. టేపులు బూజు పట్టకముందే కాపీ తీయించి, వాటిలో ఉన్నది ఎవరెవరో పెద్దవాళ్లనడిగి ఇప్పుడే రాసిపెట్టండి.