కమాను ఒక్కటే మిగిలింది

షికాగోలో మనవాళ్లు ఆర్ట్ ఇన్‌స్టిట్యూట్ మ్యూజియానికి వెళ్లేది చాలావరకు వివేకానందుడి కోసం. 1893 సెప్టెంబరు 11న ఆయన మాట్లాడింది ఈ భవనంలోనే. నేనూ అందుకే వెళ్లాను. కానీ కొలంబస్ డ్రైవ్ వైపు నా కాళ్లు ఆగిపోయాయి.

అక్కడ ఆరుబయట ఒక పెద్ద కమాను ఉంది. వెనక భవనం లేదు. టెర్రాకోటా నిండా తీగలు, ఆకులు ఒకదాన్నొకటి పెనవేసుకున్న నగిషీ. పైన రెండు గుండ్రటి ఫలకాలు. ఒకదాంట్లో 1893 అన్న అంకెలు, మరోదాంట్లో ఒక ఇల్లు. వాస్తుశిల్పులు లూయీ సల్లివన్, ఆడ్లర్ కలిసి ఈ కమాను గుమ్మంగా ఉన్న స్టాక్ ఎక్స్ఛేంజి కట్టకముందు లాసాల్ వీధిలో అదే స్థలంలో ఉన్న పెక్ కుటుంబం ఇల్లది. తాను ఎవరి చోటులో నిలబడిందో గుమ్మం మీద చెప్పుకున్న కట్టడాన్ని నేను ఇంకెక్కడా చూడలేదు.

ఆ 13 అంతస్తుల భవనాన్ని 1972లో కూల్చి ఆఫీసు టవరు లేపారు. రిచర్డ్ నికెల్ అనే ఫొటోగ్రాఫర్ సల్లివన్ భవనాలను ఒక్కొక్కటే కెమెరాలో దాచుకుంటూ, కూలుతున్నవాటి నగిషీ ముక్కలు ఏరి కాపాడుతూ వచ్చాడు. 1960లో గారిక్ థియేటర్ కోసం ప్లకార్డు పట్టుకుని వీధిలో నిలబడ్డాడు. అయినా దాన్ని పడగొట్టి కార్ల పార్కింగు కట్టారు. 1972 ఏప్రిల్ 13న స్టాక్ ఎక్స్ఛేంజి శిథిలాల్లో ముక్కలు ఏరుతుండగా అంతస్తు కూలి చనిపోయాడు. శవం దొరకడానికి దాదాపు నాలుగు వారాలు పట్టింది.

మ్యూజియం లోపల ఆ భవనపు ట్రేడింగు హాలును అతని మిత్రుడు జాన్ విన్సీ 1976-77లో మళ్లీ నిలబెట్టాడు. పైకప్పు దూలాల మీద ఆకుపచ్చ, బంగారు వన్నెల స్టెన్సిల్ అల్లికలు, మధ్యలో రంగు గాజు పలకలు. మెడ నొప్పెట్టేదాకా చూశాను. ఈ గది బాగుందని సంతోషించలేకపోయాను. ఇది ఉండాల్సింది లాసాల్ వీధిలో, మనుషుల రద్దీ మధ్య.

మర్నాడంతా నగరం నడిబొడ్డయిన లూప్‌లో తిరిగాను. సరస్సు గాలి కోసేస్తోంది. తొలి ఆకాశహర్మ్యంగా చాలామంది చెప్పుకునే హోమ్ ఇన్సూరెన్స్ భవనం కూడా లేదు, 1931లోనే పడగొట్టేశారు.

షికాగో వెళ్తే వివేకానందుడిని తలుచుకుని వెనుదిరగకండి. మ్యూజియం వెనక్కి నడిచి, ఆ కమాను మీది ఇంటిని ఒకసారి చూడండి.